బేరంలో కలపకూడని చట్టం: అమెరికాలో ఓటున్న తెలుగువారికి బహిరంగ లేఖ

అమెరికా పౌరసత్వం తీసుకుని అక్కడి ఎన్నికల్లో ఓటు వేస్తున్న తెలుగువారందరికీ నమస్కారాలు.

నాకు అక్కడ ఓటు లేదు. కొడుకూ కోడలూ ఉద్యోగాలకు వెళ్తుంటే మనవణ్ణి చూసుకోవడానికి వచ్చి, ఆరు నెలలు న్యూజెర్సీలో ఉండి, గడువు ముగియకముందే గుంటూరు తిరిగి వచ్చేసిన వేలాది తల్లిదండ్రుల్లో నేనూ ఒకణ్ణి. మీ రాజకీయాల గురించి మీకు చెప్పే అర్హత నాకు లేదని తెలుసు. అయితే ముప్పై ఏళ్ళకు పైగా ఒక నూలు మిల్లులో మిక్సింగ్ విభాగం చూసినవాణ్ణి కాబట్టి, పత్తితో ముడిపడిన ఒక అమెరికా చట్టం విలువ ఏమిటో కొంత తెలుసుననుకుంటున్నాను. ఆ చట్టం పేరు ఉయిగుర్ బలవంతపు చాకిరీ నిరోధక చట్టం. చైనాలోని షింజియాంగ్‌లో ఉయిగుర్ ముస్లింల వంటివారి చేత బలవంతంగా చేయించిన సరుకు అమెరికాలోకి రాకుండా ఆపేది అది. అమెరికా, చైనాల మధ్య సుంకాల బేరం నడుస్తున్న ఈ రోజుల్లో ఆ చట్టాన్ని బేరంలో కలపనివ్వవద్దని మిమ్మల్ని కోరడానికే ఈ లేఖ రాస్తున్నాను.

మిక్సింగ్ అంటే తెలియనివారి కోసం ముందు రెండు మాటలు చెప్పాలి. మిల్లుకు వచ్చిన బేళ్ళను ఏ లాటుకు ఆ లాటు విడిగా వడకరు. మన బన్నీ బ్రహ్మ పత్తి కొంత, గుజరాత్ శంకర్-6 కొంత, ధర కుదిరితే విదేశీ పత్తి కొంత తీసుకుని, ముప్పై నలభై బేళ్ళకు పట్టీలు కోసి, వరసగా పేర్చి, యంత్రం ఒక్కో బేలు మీద నుంచి పలచగా ఒక పొర లాక్కుంటూ పోయేటట్టు ఏర్పాటు చేస్తారు. పింజ పొడవు, బలం, మైక్రోనేర్ (పోగు సన్నదనం), రంగు అన్నీ కలిసి ఒక సగటుకు రావాలన్నదే మా లెక్క. బ్లో రూము దాటి కార్డింగుకు చేరేసరికి ఏ పోగు ఏ ఊరి చేలో పండిందో పండించిన రైతు కూడా చెప్పలేడు. నా ఉద్యోగమంతా ఒక రకంగా పత్తికి పుట్టిన ఊరు లేకుండా చేయడమే. ప్రయోగశాలలో ఐసోటోపు పరీక్షలు చేస్తే కొంతవరకు జాడ దొరుకుతుందంటారు గానీ, అది అనుమానం వచ్చిన సరుకుకు చేసే పరీక్షే తప్ప ఓడరేవులో దిగే ప్రతి పెట్టెకూ చేయగలిగింది కాదు.

న్యూజెర్సీలో ఒక శనివారం మనవడికి చొక్కాలు కొందామని పెద్ద దుకాణానికి వెళ్ళాం. అలవాటు కొద్దీ నేను ధర చూడకుండా మెడ దగ్గరి లేబుల్ తిప్పి చూశాను. ఒకటి వియత్నాంది, ఒకటి బంగ్లాదేశ్‌ది, ఇంకొకటి జోర్డాన్‌ది. మూడింటి మీదా నూరు శాతం నూలు అని ఉంది. ఆ పత్తి ఎక్కడిదని అడిగితే మావాడు నవ్వి, "నాన్నా, అది తయారుచేసినవాడికీ తెలియదు" అన్నాడు. వాడు తమాషాకే అన్నా, అది నిజానికి చాలా దగ్గరి మాట. లేబుల్ చెప్పేది కుట్టిన దేశం పేరు మాత్రమే. ప్రపంచంలో పండే పత్తిలో సుమారు ఐదో వంతు చైనా వాయవ్యాన ఉన్న ఒక్క షింజియాంగ్ ప్రాంతంలో పండుతుంది. అది నూలై, బట్టై, మరో రెండు దేశాలు దాటి, ఇంకెవరి పేరుతోనో మీ అల్మరాలోకి వస్తుంది.

ఆ ప్రాంతంలో 2017 నుంచి ఉయిగుర్లనూ ఇతర ముస్లిం తెగలవారినీ పెద్ద ఎత్తున నిర్బంధ శిబిరాల్లో ఉంచారనీ, ప్రభుత్వమే మనుషులను జట్లు జట్లుగా పొలాలకూ ఫ్యాక్టరీలకూ పంపుతోందనీ, కాదనే అవకాశం వారికి లేదనీ వచ్చిన ఆధారాలు మీకు తెలిసే ఉంటాయి. అవి వృత్తి శిక్షణ కేంద్రాలనీ, పేదరికం తొలగించే పథకాలనీ చైనా ప్రభుత్వం మొదటి నుంచీ చెబుతోంది. ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల హైకమిషనర్ కార్యాలయం 2022 ఆగస్టు 31న, అప్పటి హైకమిషనర్ మిషెల్ బాష్లె పదవీకాలం ముగియడానికి కొద్ది నిమిషాల ముందు, తన నివేదికను బయటపెట్టింది. అక్కడ జరుగుతున్నవి మానవాళిపై నేరాల కిందికి రావచ్చని అందులో ఉంది. ఐదు వారాల తరువాత, అక్టోబరు 6న, ఆ నివేదిక మీద కనీసం చర్చ జరపాలన్న తీర్మానం జెనీవాలో, ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల మండలిలో, 19-17 ఓట్లతో వీగిపోయింది. పదకొండు దేశాలు ఓటు వేయలేదు. వాటిలో మన భారతదేశం ఒకటి.

అమెరికా చట్టం ప్రత్యేకత ఏమిటంటే, అది రుజువు భారాన్ని తిప్పి పెట్టింది. బలవంతపు చాకిరీతో చేసిన సరుకు దిగుమతి చేసుకోరాదని 1930 నాటి సుంకాల చట్టం 307వ సెక్షన్‌లోనే ఉంది. కాని దేశీయ అవసరానికి చాలని సరుకైతే తెచ్చుకోవచ్చన్న మినహాయింపు ఒకటి దానికి తగిలించారు. ఆ సందును మూయడానికి 2016 దాకా ఎనభై ఆరేళ్ళు పట్టింది. 2021 డిసెంబరు 23న బైడెన్ సంతకం చేసి, 2022 జూన్ 21 నుంచి అమలైన కొత్త చట్టం ప్రకారం, షింజియాంగ్‌లో పూర్తిగా గానీ పాక్షికంగా గానీ తయారైన ప్రతి సరుకూ బలవంతపు చాకిరీ సరుకేనని ముందే భావిస్తారు. కాదని స్పష్టమైన ఆధారాలతో నిరూపించుకోవలసిన బాధ్యత దిగుమతిదారుది. మిక్సింగ్‌లో కూర్చుని పత్తి పుట్టిల్లు చెరిపేసిన నాలాంటివాడికి ఈ నియమం బలం వెంటనే అర్థమవుతుంది. పత్తి ఎక్కడిదో తెలియదని తప్పించుకునే దారిని అది మూసేసింది. కొనే కంపెనీ అడుగుతుంది కాబట్టి బట్ట మిల్లు అడుగుతుంది, అది అడుగుతుంది కాబట్టి నూలు మిల్లు బేలు చీటీలు పారేయకుండా భద్రపరుస్తుంది. పత్తితో పాటు టమాటాలు, సౌర ఫలకాలకు వాడే పాలీసిలికాన్ మొదటి నుంచీ ఆ చట్టం దృష్టిలో ఉన్నాయి. 2025 జనవరి నాటికి నిషేధ జాబితాలో 144 సంస్థలు చేరాయి. సెనేట్‌లో ఈ చట్టానికి ఒక్కరూ అడ్డు చెప్పలేదు. మీ రెండు పార్టీలూ ఒక్క మాట మీద నిలబడిన సందర్భాలు ఈ మధ్య ఎన్ని ఉన్నాయో మీకే బాగా తెలుసు.

అయినా ఈ చట్టానికి చివర ఒక చిన్న సెక్షన్ ఉంది. ఎనిమిదేళ్ళకు, అంటే 2029 డిసెంబరుకు, దాని ముఖ్యమైన నిబంధనలు వాటంతటవే రద్దవుతాయి. అంతకంటే ముందే, చైనా నిర్బంధాలనూ బలవంతపు చాకిరీనీ ఆపేసిందని అధ్యక్షుడు నిర్ణయించి కాంగ్రెస్ కమిటీలకు ఒక పత్రం పంపితే, ఆ రోజుతోనే అవి ఆగిపోతాయి. ఒక్క పత్రంతో. నా భయమంతా ఆ పత్రం గురించే. ఎవరి మీదో అపనమ్మకంతో ఇలా అనడం లేదు. ఇలాంటి పత్రాలు అమెరికా, చైనాల మధ్య గతంలో ఏమయ్యాయో చరిత్రలో రాసి ఉంది. మీలో చాలామంది అమెరికా రాకముందు సంగతి కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను.

కమ్యూనిస్టు దేశాలకు అత్యంత అనుకూల దేశ హోదా, అంటే మిగతా దేశాలకు వేసే తక్కువ సుంకాలే వేసే హోదా, ఇవ్వాలంటే అవి తమ పౌరులను స్వేచ్ఛగా వలస వెళ్ళనివ్వాలన్న షరతును 1974 వాణిజ్య చట్టంలో జాక్సన్-వానిక్ సవరణగా చేర్చారు. అది సోవియట్ యూదుల కోసం పుట్టిన షరతు. 1972లో సోవియట్ ప్రభుత్వం దేశం విడిచి వెళ్ళే చదువుకున్నవారి మీద, చదువుకైన ఖర్చు కట్టాలంటూ భారీ రుసుము విధించడమే దానికి మూలం. చైనాకూ అదే సవరణ వర్తించింది. 1979లో వాషింగ్టన్ వచ్చిన డెంగ్ షియావోపింగ్ దగ్గర కార్టర్ ఈ వలసల ప్రస్తావన తెస్తే, "ఎంతమంది కావాలి, ఒక కోటి మందిని పంపమంటారా?" అని ఆయన అడిగారని చెప్పుకుంటారు. 1980 నుంచి చైనాకు ఆ హోదా దక్కింది గానీ, అమెరికా అధ్యక్షుడు ఏటా జూన్ 3 లోపు ఆ షరతు నుంచి మినహాయింపును పొడిగించాలన్న మెలిక మిగిలింది. తొమ్మిదేళ్ళు దాన్ని ఎవరూ పట్టించుకోలేదు. 1989లో, సరిగ్గా జూన్ 3 రాత్రి, తియనాన్మెన్ కూడలిలో ప్రజాస్వామ్యం కోరుతున్న విద్యార్థులను అణచడానికి బీజింగ్ వీధుల్లోకి సైన్యం వచ్చింది. అప్పటి నుంచి ప్రతి ఏటా తియనాన్మెన్ వర్ధంతి ముందు రోజే చైనాతో వ్యాపారం గురించి తేల్చుకోవలసిన గడువుగా మారింది.

అప్పటి అధ్యక్షుడు మొదటి బుష్, పైకి మాత్రం చైనా మీద ఆంక్షలు ప్రకటించి, నెల తిరగకముందే తన భద్రతా సలహాదారు స్కోక్రాఫ్ట్‌ను రహస్యంగా బీజింగ్ పంపారు. హోదాకు మానవ హక్కుల షరతులు జోడిస్తూ కాంగ్రెస్ చేసిన బిల్లులను 1992లో రెండుసార్లు తిరస్కరించారు. బుష్ నియంతలను బుజ్జగిస్తున్నారని ఎన్నికల్లో విమర్శించి గెలిచిన క్లింటన్, 1993 మే 28న ఒక కార్యనిర్వాహక ఉత్తర్వు ఇచ్చారు. వలస స్వేచ్ఛ, జైళ్ళలో చేసిన సరుకు ఎగుమతుల నిలుపుదల అనే రెండు తప్పనిసరి షరతులు పెట్టి, వాటితో పాటు రాజకీయ ఖైదీల విడుదల, ఖైదీల పట్ల మానవీయత, టిబెట్ సంస్కృతి పరిరక్షణ, విదేశీ రేడియో ప్రసారాలకు అనుమతి వంటి విషయాల్లో మొత్తం మీద చెప్పుకోదగ్గ ప్రగతి కనిపించాలనీ, లేకపోతే 1994లో హోదా పొడిగించబోమనీ అందులో చెప్పారు.

ఈ ఉత్తర్వు మంచి మనసుతో రాసిందే. కాని దాని నిర్మాణంలోనే లోపం ఉంది. ఊళ్ళో ఉమ్మడి ఇంట్లో వాటా ఉన్న ఒక పెద్దమనిషి, తన మాట వినకపోతే ఇల్లు తగలబెడతానని బెదిరిస్తే, ఆ ఇంట్లోనే ఆయన బియ్యం బస్తాలు కూడా ఉన్నాయని తెలిసినవాళ్ళు భయపడతారా? హోదా తీసేస్తే చైనా బొమ్మలూ చెప్పులూ ఆగిపోతాయి, నిజమే. దాంతో పాటే అమెరికా విమానాల అమ్మకాలూ గోధుమ అమ్మకాలూ ఆగిపోతాయి. ఆ కంపెనీలు, వాటి ఉద్యోగులున్న రాష్ట్రాల సభ్యులు, చివరికి క్లింటన్ సొంత ఆర్థిక సలహాదారులు ఏడాది పొడవునా అదే చెప్పారు. బీజింగ్ ఇదంతా వింటూనే ఉంది. 1994 మార్చిలో విదేశాంగ మంత్రి వారెన్ క్రిస్టొఫర్ అక్కడికి వెళ్ళినప్పుడు, అమెరికా మానవ హక్కుల భావనను చైనా ఎన్నటికీ అంగీకరించదని ప్రధాని లీ పెంగ్ ముఖం మీదే చెప్పారు. మే 26న క్లింటన్ హోదాను పొడిగిస్తూ, వ్యాపారాన్ని మానవ హక్కులతో ముడిపెట్టే విధానం ఉపయోగం ఇక ముగిసిందని ప్రకటించారు. ఉత్తర్వు నిండా ఏడాది కూడా నిలవలేదు.

ఈ బేరం మనుషుల విషయంలో ఎలా నడిచిందో తెలియాలంటే వెయ్ జింగ్‌షెంగ్ జీవితం చూడాలి. బీజింగ్ జంతు ప్రదర్శనశాలలో ఎలక్ట్రీషియన్‌గా పనిచేస్తూ, 1978లో ఒక గోడపత్రం రాసి, ఆధునికీకరణలో ప్రజాస్వామ్యం కూడా భాగం కావాలన్నందుకు 1979లో జైలుకు వెళ్ళాడు. 2000 ఒలింపిక్స్ ఏ నగరానికి ఇవ్వాలో 1993 సెప్టెంబరు 23న ఓటింగ్ జరగాల్సి ఉండగా, దానికి కొద్ది రోజుల ముందు, శిక్ష ముగియడానికి ఆరు నెలలు ఉండగానే ఆయన్ను వదిలిపెట్టారు. బీజింగ్ రెండు ఓట్ల తేడాతో సిడ్నీ చేతిలో ఓడిపోయింది. 1994 ఫిబ్రవరిలో అమెరికా మానవ హక్కుల ఉన్నతాధికారి జాన్ షాటక్‌ను కలిసినందుకు ఆయన మళ్ళీ నిర్బంధంలోకి వెళ్ళాడు. 1995 డిసెంబరులో పద్నాలుగేళ్ళ శిక్ష పడింది. 1997 నవంబరులో, అధ్యక్షుడు జియాంగ్ జెమిన్ అమెరికాలో రాజ మర్యాదలు అందుకుని వెళ్ళిన కొద్ది రోజులకే, వైద్యం పేరుతో విమానం ఎక్కించి అమెరికా పంపేశారు. విద్యార్థి నాయకుడు వాంగ్ దాన్ సంగతీ అంతే. 1998 జూన్‌లో క్లింటన్ బీజింగ్ వెళ్ళబోయే ముందు, ఏప్రిల్‌లో ఆయన్ను కూడా అమెరికా విమానం ఎక్కించారు. తారీఖులు పక్కపక్కన పెట్టి చూస్తే, విడుదలలు జరిగింది ఆ ఖైదీల శిక్షలను బట్టి కాదనీ, అవతలివారి సభలూ సందర్శనల పట్టికను బట్టేననీ తెలిసిపోతుంది.

దీనికి ఇంకో వైపు కూడా ఉందని ఒప్పుకోవాలి. 1990 మే నెలలో హాంకాంగ్‌లోని అమెరికా వర్తక మండలి అధ్యక్షుడు జాన్ కామ్, చైనా హోదా కొనసాగించాలని వాషింగ్టన్‌లో వాదించడానికి బయలుదేరబోతూ, ఒక విందులో చైనా ఉన్నతాధికారి ఝౌ నాన్‌ను, షాంఘైలో పట్టుబడిన ఒక హాంకాంగ్ విద్యార్థిని వదిలిపెట్టమని అందరి ముందూ అడిగారు. విందులో అలాంటి మాటా అని ఆ అధికారి కోప్పడ్డారు. కాని ఆ విద్యార్థి కొన్నాళ్ళకే బయటికి వచ్చాడు. రసాయనాల వ్యాపారం చేసుకునే కామ్ ఆ తరువాత జీవితమంతా ఖైదీల పేర్ల జాబితాలు పట్టుకుని చైనా అధికారుల చుట్టూ తిరిగారు. వ్యాపారపు పలుకుబడితో ఒక మనిషికి జైలు తలుపు తెరిపించవచ్చని ఆయన చూపించారు. అది చిన్న విషయమని నేను అనను. అయితే ఒక్కో పేరు చొప్పున వదిలేవాడికి, కొత్తగా పట్టుకునే అధికారం కూడా చేతిలోనే ఉంటుంది. ఖైదీకి విలువ ఉందని తెలిశాక ఖైదీల నిల్వ తగ్గదు.

చివరికి ఏటేటా పొడిగించే తంతు కూడా పోయింది. 2000 మే 24న ప్రతినిధుల సభ 237-197తో, సెప్టెంబరు 19న సెనేట్ 83-15తో చైనాకు శాశ్వత సాధారణ వాణిజ్య సంబంధాలు, అంటే అదే హోదాను శాశ్వతంగా, ఇచ్చే బిల్లును ఆమోదించాయి. 2001 డిసెంబరు 11న చైనా ప్రపంచ వాణిజ్య సంస్థలో చేరింది. వ్యతిరేకించినవారిని సముదాయించడానికి అదే చట్టంలో చైనా మానవ హక్కులను గమనించే ఒక కాంగ్రెస్ కమిషన్‌ను ఏర్పాటు చేశారు. అది ఇప్పటికీ ఏటా నివేదిక ఇస్తుంది, జైళ్ళలో ఉన్నవారి వివరాలు నమోదు చేస్తుంది. దాని పని మీద నాకు గౌరవం ఉంది. కాని అమ్మేసిన పొలానికి గట్టు మీద చెట్టు మాత్రం తనదే అని రాయించుకున్నట్టుగా అది పుట్టిందన్నది నా అభిప్రాయం.

ఈ చరిత్ర ఇప్పుడెందుకు? సుంకాలు తిరిగి బేరపు వస్తువులయ్యాయి కనుక. మొదటి విడత ట్రంప్ ప్రభుత్వం చైనాతో తొలి దశ ఒప్పందం మీద 2020 జనవరి 15న సంతకాలు చేసింది. ఉయిగుర్ల విషయంలో చైనా అధికారుల మీద ఆంక్షలు అంతకు ముందే ఎందుకు పెట్టలేదని అదే ఏడాది జూన్‌లో ఒక ఇంటర్వ్యూలో అడిగితే, తాము అప్పుడు పెద్ద వాణిజ్య ఒప్పందం మధ్యలో ఉన్నామని అధ్యక్షుడే చెప్పారు. జూలైలో, ఒప్పందం చేతికొచ్చి దాదాపు ఆరు నెలలయ్యాక, షింజియాంగ్ పార్టీ కార్యదర్శి చెన్ చువాంగ్వో మీద ఆంక్షలు వచ్చాయి. ఈ మాటను దాచకుండా చెప్పినందుకు నేను ఒక రకంగా ట్రంప్‌ను మెచ్చుకుంటాను. మిగతావారు అదే పని చేసి కారణం చెప్పేవారు కారు.

2025 వసంతంలో సుంకాలు ఒకవైపు 145 శాతానికీ, మరోవైపు 125 శాతానికీ ఎగబాకి, జెనీవాలో దిగివచ్చి, అక్టోబరు 30న దక్షిణ కొరియాలోని బూసాన్‌లో ట్రంప్, షీ జిన్‌పింగ్ సమావేశంతో ఒక ఏడాది సంధికి చేరాయి. ఫెంటానిల్, సోయాబీన్, అరుదైన ఖనిజాలు, ఓడల రుసుములు అన్నీ ఆ ప్రకటనలో ఉన్నాయి. షింజియాంగ్ అన్న మాట అందులో నాకు కనిపించలేదు. నన్ను ఎక్కువగా కలవరపెట్టింది మరొకటి. అమెరికా ఎగుమతి ఆంక్షల జాబితాలోని (ఇది ఆ 144 సంస్థల జాబితా కాదు, వేరేది) చైనా కంపెనీల అనుబంధ సంస్థలకు కూడా ఆ ఆంక్షలు వర్తిస్తాయని సెప్టెంబరులో దేశ భద్రత పేరుతో తెచ్చిన నియమాన్ని, ఆ సంధిలో భాగంగా ఏడాది పాటు పక్కన పెట్టారు. భద్రతే బేరానికి వచ్చినప్పుడు, పక్క దేశంలో ఎవరో పత్తి కోసే ఆడమనిషి హక్కు బేరానికి రాదని ఎలా నమ్మగలం? ఆ 144 పేర్లలో కొన్నిటిని చప్పుడు లేకుండా తీసేయవచ్చు. ఓడరేవుల్లో తనిఖీ సిబ్బందిని తగ్గించవచ్చు. లేదా నేను పైన చెప్పిన పత్రాన్ని పంపవచ్చు.

న్యాయంగా చెప్పాలంటే, ఈ బేరాల్లో చట్టానికి మేలు చేసిన మార్పు కూడా ఒకటి జరిగింది. 800 డాలర్ల లోపు పార్శిళ్ళకు సుంకమూ పెద్దగా తనిఖీ లేకుండా వదిలే సౌకర్యాన్ని 2025 మే 2 నుంచి చైనా సరుకుకు ఎత్తేశారు. ఫోనులో ఆర్డరు ఇస్తే నేరుగా గుమ్మం ముందుకు వచ్చే చవక బట్టలు ఈ చట్టం కంట పడకుండా దాటిపోయేది ఆ సందులోనే.

బేరానికి ఇటు నుంచే కాదు, అటు నుంచి కూడా ముడి వేయవచ్చు. 2010లో జైలులో ఉన్న లియు షియావోబోకు నోబెల్ శాంతి బహుమతి ఇచ్చినందుకు చైనా నార్వేతో ఆరేళ్ళు సంబంధాలు స్తంభింపజేసింది. నార్వే సాల్మన్ చేపలకు చైనా తలుపులు దాదాపు మూసుకుపోయాయి. బహుమతి ఇచ్చిన కమిటీ ప్రభుత్వానిది కాదని ఎంత చెప్పినా వినలేదు. 2016 డిసెంబరులో, చైనా ప్రధాన ప్రయోజనాలకు భంగం కలిగించే చర్యలకు మద్దతివ్వబోమని నార్వే రాసిచ్చాక సంబంధాలు తెరుచుకున్నాయి. మరుసటి ఏడాది జూలై 13న లియు నిర్బంధంలోనే చనిపోయారు.

ఇక మన ఇంటి సంగతి. ఇది చెప్పకుండా మీకు సలహా ఇవ్వడం నిజాయితీ కాదు. షింజియాంగ్ పత్తి మీద నిషేధం వచ్చినప్పుడు మా మిల్లుల వాళ్ళు సంతోషించిన మాట నిజం, అది ఉయిగుర్ల కోసం కాదు, ఆర్డర్ల కోసం. అంతకు పదేళ్ళ ముందు ఇదే చైనా మన నూలుకు అతి పెద్ద కొనుగోలుదారు. మా గిడ్డంగులు ఖాళీ అయ్యేది ఆ దేశానికి వెళ్ళే కంటైనర్ల వల్లే. అప్పుడు మేం షింజియాంగ్ గురించి అడగలేదు. నేనూ అడగలేదు.

మరో విషయం ఇంతకంటే దగ్గరిది. మా ఆవిడ పుట్టిల్లు గద్వాల వైపు. అక్కడ సీడ్ పత్తి వేస్తారు. సాయంత్రం నాలుగు దాటాక చేలోకి వెళ్తే, మర్నాడు విచ్చబోయే మొగ్గలను వెతికి, బొటనవేలి గోటితో రేకులనూ పుప్పొడి తిత్తులనూ గిల్లేసి, ఆడ భాగం తెగకుండా వదిలి, గుర్తుకు ఎర్ర కాగితం ముక్క తొడుగుతారు. పొద్దున్నే మగ పువ్వు తెచ్చి దానికి అద్దుతారు. దాన్ని క్రాసింగ్ అంటారు. ఎన్ని వందల మొగ్గలైతే అన్ని వందలసార్లు వంగాలి. మొక్క ఎత్తుకు పిల్లలైతే వంగనక్కర్లేదు కాబట్టి పిల్లలనే పెట్టేవారు, ఎక్కువగా ఆడపిల్లలను. సీజను ముందే తల్లిదండ్రులకు ఆర్గనైజరు ద్వారా అడ్వాన్సు అందేది. అది తీరేదాకా ఆ పిల్ల బడికి వెళ్ళేది కాదు. నేను పెళ్ళయిన కొత్తలో చూసిన ఒక పదేళ్ళ పిల్ల గోళ్ళు ఆకుపచ్చగా, మందు వాసనతో ఉండేవి. అమెరికా కార్మిక శాఖ 2009 నుంచి ప్రచురిస్తున్న జాబితాలో భారతదేశపు హైబ్రిడ్ పత్తి విత్తనం ఉంది. బాలల చాకిరీ, బలవంతపు చాకిరీ రెండు గడుల్లోనూ ఉంది. అది అవమానంగా ఉందని మావాళ్ళు కోప్పడతారు. ఆ పిల్ల గోళ్ళు చూసినవాణ్ణి కాబట్టి నేను కోప్పడలేను. శాంతా సిన్హా నడిపిన ఉద్యమం వంటివి పిల్లలను బడికి మళ్ళించడంతో అక్కడ పరిస్థితి మునుపటిలా లేదు. పూర్తిగా పోయిందని మాత్రం అనను.

వాణిజ్యంలో కార్మిక ప్రమాణాలు చొప్పించడం సంపన్న దేశాల దొడ్డిదారి రక్షణవాదమని 1996లో ప్రపంచ వాణిజ్య సంస్థ సింగపూర్ సమావేశంలో భారత్ గట్టిగా వాదించింది. ఆ భయం వట్టిదేమీ కాదు. మన దగ్గర కూలి తక్కువ కావడం నేరం కాదు. మనిషికి వద్దనే వీలు లేకపోవడం నేరం. ఈ తేడా చూపించే నియమమైతే, అది చైనాకూ మనకూ ఒకేలా వర్తించేదైతే, దాన్ని రక్షణవాదం అని నేను అనలేను. అమెరికా రాజ్యాంగం పదమూడో సవరణలో, నేరానికి శిక్షగా విధించిన చాకిరీని మినహాయించిన సంగతి చైనా ప్రతినిధులు ఎప్పుడూ గుర్తుచేస్తారు. అది కూడా మీరు అడగవలసిన ప్రశ్నే. ఆ ప్రశ్న ఉందని షింజియాంగ్ ప్రశ్న చెల్లిపోదు.

1994కూ ఇప్పటికీ మధ్య నాకు కనిపించే పెద్ద తేడా ఇదే. అప్పటి ఉత్తర్వు రెండు దేశాల వ్యాపారం మొత్తాన్ని ఒక బెదిరింపుకు కట్టి ఉంచింది, అమలు చేయలేని బెదిరింపు అది. ఇప్పటి చట్టం ఎవరినీ మారమని అడగదు. ఈ సరుకు ఈ దేశంలోకి రాదు అని మాత్రమే చెబుతుంది. దానికి చైనా ఒప్పుకోలు అవసరం లేదు, కాబట్టి దాన్ని చైనాకు అమ్మడానికి కూడా వీలు ఉండకూడదు. సోయాబీన్ ఎన్ని లక్షల టన్నులు కొన్నా, ఒక బేలులో ఎవరి చాకిరీ ఉందన్నది మారదు.

మీ దగ్గర పలుకుబడి ఉంది. తెలుగు సంఘాల మహాసభలకు మీ ప్రతినిధులు వచ్చి వేదికల మీద నిలబడి ఫొటోలు దిగుతారు. విందులు ఇచ్చి, విరాళాలు పోగుచేసి, వీసా వరుసల గురించి, గ్రీన్ కార్డు బకాయిల గురించి వారిని అడుగుతారు. అడగడం తప్పు కాదు, మావాడూ ఆ వరుసలోనే పద్నాలుగేళ్ళు ఉన్నాడు. అదే విందులో, గ్రీన్ కార్డు మాట అయ్యాక, మరో మూడు విషయాలు అడగమని మిమ్మల్ని కోరుతున్నాను. ఉయిగుర్ బలవంతపు చాకిరీ నిరోధక చట్టం కింద అధ్యక్షుడు ముగింపు పత్రం పంపితే, దాని ఆధారాల మీద మీరు బహిరంగ విచారణ జరిపిస్తారా? 2029 డిసెంబరులో గడువు ముగిసే చట్టాన్ని ముందుగానే పొడిగించే బిల్లుకు మీరు మద్దతిస్తారా? నిషేధ జాబితా నుంచి ఒక కంపెనీ పేరు తీసేస్తే, కారణం అచ్చులో చూపించమని అడుగుతారా?

జాన్ కామ్ అడిగినట్టు విందులోనే, అందరి ముందూ అడగండి. జవాబు ఏమి వచ్చిందో మీ తెలుగు సంఘం పత్రికలో వేయించి, ఒక ప్రతి మావాడికి ఇస్తే నాకు చేరుతుంది.

ఇట్లు,
ఒక విశ్రాంత నూలు మిల్లు ఉద్యోగి,
గుంటూరు